ఆవిరి తాగిన మూత: సటీకాతాత్పర్యం

అవతారిక: సియాటిల్ శివార్లలో ఒక తెలుగువారి పెరడు. హాట్ టబ్ కవరు ఎత్తబోయిన గృహస్థు నడుము పట్టుకుని చతికిలబడగా, ఇల్లాలు ఆశువుగా చెప్పినదని ప్రతీతి.

ఆ. పైని వాన జారు పైపొర చెడకున్న
లోని యావిరెక్కు లొసుగు చూచి
మూత బరువు పెరుగు మోయలే రిద్దరు
ఎండబెట్టి పాతదేల చుట్ట?

ప్రతిపదార్థం: పైపొర = వినైల్ తొడుగు; చెడకున్నన్ = చిరక్క, కుట్లు విడక ఉంటే; జారున్ = మూత నడుమ మందం, అంచున పలచన గనుక వాన నిలవదు; లోని ఆవిరి = 104 డిగ్రీల ఫారెన్‌హీట్ దాకా కాగే నీటిది; లొసుగు = లోపలి థర్మోకోల్ పలకకు చుట్టిన పాలిథిన్‌లో చిరుగు; ఇద్దరు = ఆలుమగలు (పక్కింటాయన్ని పిలిచినా అర్థభేదం లేదు); పాతది = ఆ చిరిగిన పాలిథినే.

తాత్పర్యం: మూతలో చేరిన నీరు చాలావరకు పైనుంచి పడింది కాదు, కిందినుంచి ఎక్కింది. దారి మూయకుండా ఆరబెట్టడం వృథాశ్రమ.

విశేషాలు: వానను దోషిగా నిలబెట్టి, పైన టార్పాలిన్ కప్పమనేవారున్నారు. అది పూర్వపక్షం. టార్పాలిన్ ఆవిరిని ఆపుతుందా? చిరుగులోంచి దూరిన ఆవిరి చల్లబడి, థర్మోకోల్ పూసల సందుల్లో నీరై కూర్చుంటుంది. సుమారు 50 పౌండ్లుండే మూత అంతకు రెట్టింపు దాటుతుంది. పైగా నీరు గాలికంటే 20 రెట్లకు పైగా వేడిని దాటిస్తుంది. కరెంటు బిల్లు ఈ పద్యానికి ధ్వన్యర్థం.

‘ఎండబెట్టి’ అన్న చోట కవయిత్రి మరీ పొదుపరి. జిప్పు తీసి, పలకలు లాగి, పాలిథిన్ ఒలిచి, అంచుమీద నిలబెట్టాలి. పడుకోబెడితే కింది ముఖం ఆరదు. మొదట అడుగంచున ముక్కవాసన నీళ్లు బొట్లు బొట్లుగా కారతాయి. ఆ బొట్లు ఆగితే ఆరిందనుకుంటారు, ఆరదు. వారాలు పడుతుంది, ఆ ఊళ్లో అందుకు జులై, ఆగస్టులే గతి. తొందరపడి హీట్ గన్ పెడితే థర్మోకోల్ ముడుచుకుపోతుంది. ఆరాక 6 మిల్ పాలిథిన్ కొత్తది చుట్టి, అతుకులన్నీ టేపుతో మూయాలి. ఈలోగా టబ్బు నోరు తెరుచుకుని ఉండరాదు, ఇంట్లో పిల్లలుంటే మరీను: నీళ్లు తోడేయడమే మేలు.

క్లోరిన్ దండిగా వేసిన రోజున మూత కాసేపు తెరిచి ఉంచాలన్నది ప్రక్షిప్తమని కొందరంటారు. కాదు. ఆ ఘాటే పాలిథిన్‌ను తినేది.

పలక నడుమ విరిగి ఉంటే? దానికి పద్యం లేదు. మూలల వంపుతో సహా టబ్బు కొలతలు తీసుకుని కొత్త కవరు ఆర్డరివ్వమంది ఇల్లాలు.