ఫ్యాను కట్టెయ్‌రా అబ్బాయ్!

చెవుల్లోంచి ఆ బుడిపెలు తీసి నా మాట వింటావట్రా? కంప్యూటరు ముందు కూర్చుని గీతల్ని అటూ ఇటూ జరిపి, సౌండ్ ఇంజనీర్ననుకుంటున్నావు. సంతోషం. మా రోజుల్లో మద్రాసు ఫ్లోర్లో ఎర్రలైటు వెలిగిందంటే ఫ్యాన్లన్నీ కట్టెయ్యాల్సిందే. పట్టుచీరలో హీరోయిను చెమటతో తడిసిపోతున్నా సరే, దగ్గొచ్చినవాడు గుడ్లు తేలేసి నొక్కిపట్టుకోవాల్సిందే. నేను బూమ్ కర్ర పట్టుకుని నిలబడితే భుజాలు పడిపోయేవి. కర్ర నీడ ఎవరి నుదుటి మీదైనా పడిందా, కెమెరామన్ నా వంశాన్నంతా తలుచుకునేవాడు.

1932లో ‘భక్త ప్రహ్లాద’ తీసిన వాళ్ళకైతే ప్లేబ్యాకే లేదు, నటించేవాడే అక్కడికక్కడ పాడాలి. వాళ్ళతో పోలిస్తే నేను సుఖపడ్డవాణ్ణే. అయినా ఆ మాట నీ దగ్గర ఒప్పుకోనులే.

ఇక పాటంటావా, వాద్యాలూ గాయకుడూ ఒకేసారి. ఆఖరి చరణంలో ఫిడేలు తీగ తెగిందా, మళ్ళీ పల్లవి నుంచే! ఇప్పుడేమో తబలా ఒక ఊళ్ళో, గొంతు ఇంకో ఊళ్ళో. శ్రుతి తప్పితే మిషనే దిద్దుతుందట. మరి సాధకం ఎందుకు?

డబ్బింగ్ సంగతి చెప్పనా? ఆరీఫ్లెక్స్ కెమెరా కుట్టుమిషన్లా టకటకలాడేది. అందుకని అవుట్‌డోర్‌లో నాగ్రా రికార్డరు మీద గుర్తుకోసం పైలట్ ట్రాక్ పట్టుకొచ్చి, థియేటర్లో మాటలన్నీ మళ్ళీ చెప్పించేవాళ్ళం. ఫిల్ము ముక్క కొసలు రెండూ అతికించి ప్రొజెక్టర్‌కి ఎక్కిస్తే, అదే డైలాగు తెరమీద తిరిగి తిరిగి వచ్చేది. లూప్ అనేవాళ్ళం. 35 ఎం.ఎం. ఫిల్ము నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది, అంటే 10 సెకన్ల మాటకి 15 అడుగుల లూపు. పెదవి విడిన క్షణానికి మాట పడకపోతే ఇంకో చుట్టు, ఇంకో కాఫీ. మీరేమో మాటని సాగదీసి అతికిస్తారు.

ఇప్పుడు లైవ్ సౌండని కొత్తగా కనిపెట్టినట్టు గొప్పలొకటి! మా గురువుగారు చేసిందేంటోయ్? డబ్బింగొచ్చిన కొత్తలో, సెట్లో ఏడ్చిన ఏడుపు గదిలో వస్తుందా అని ఆయన సణుగుతుంటే, ముసలాయనకి చాదస్తమని మేం చాటున నవ్వుకునేవాళ్ళం.

మొన్న మనవరాలు అట్మాస్ హాలుకి లాక్కెళ్ళింది. 128 ట్రాకులట, నెత్తిమీద కూడా స్పీకర్లట. హీరో అడుగేస్తే నా గుండె జారింది గానీ, వాడన్న ముక్క ఒక్కటీ తెలియలేదు.

“తాతయ్యా, చెవిమిషను పెట్టుకోలేదా?” అంది.

పెట్టుకునే వచ్చానమ్మా. ఆ మోతకి తట్టుకోలేక తీసి జేబులో వేసుకున్నా.