శాద్వలసంజీవని అను ఎరువుసంచి వ్యాఖ్య

మూలము: 32-0-10

అవతారిక: మినెసోటా రాష్ట్రమున, మినియాపొలిస్ శివారున, ఇంటిముందర పచ్చిక పెంచు తెలుగు గృహస్థుడొకడు సెప్టెంబరు మాసమున దుకాణమునకేగి, ఒక సంచిని కారు డిక్కీలో వేసికొని వచ్చెను. సంచి నెత్తిన మూడంకెలే యున్నవి. కర్త లేడు, క్రియ లేదు. సూత్రమన్న పిమ్మట అంతకన్న పలుకదు గదా! విడమరచు భారము మాపై బడినది.

ప్రతిపదార్థము: 32 = నూటికి ముప్పదిరెండు పాళ్లు నత్రజనియును; 0 = భాస్వరము బొత్తిగా లేమియును; 10 = పదిపాళ్లు పొటాషును (కలవని శేషము).

సమాసము: మధ్యమపదలోపి. సందేహము లేదు. వ్యాకరణమున లోపించిన పదమును ఊహించి తెచ్చుకొందుము. ఇచ్చట తెచ్చుకొన్నచో నేరము. 2002లో ఆ రాష్ట్రము చట్టము చేసెను. 2005 నుండి రాష్ట్రమంతటను పచ్చికకు భాస్వరము నిషిద్ధము. క్రొత్తగా పచ్చిక వేయువారికిని, మట్టిపరీక్షలో కొరత తేలినవారికిని మినహాయింపు గలదు. హేతువేమన, వానకు కొట్టుకొనిపోయిన భాస్వరము వీధికాలువ వెంట సరస్సు చేరి నాచును మేపును. కార్ల నంబరు పలకలపై పదివేల సరస్సులని అచ్చువేసికొన్న సీమ నాచును సహించునా?

గుంటూరు నుండి వచ్చిన గృహస్థుని తండ్రిగారు జీవితమంతయు డీఏపీ బస్తాలు మోసినవారు. 18-46-0 అను పాఠమే వారికి కంఠస్థము. సంచిని తిప్పి తిప్పి చూచి, "ఒరేయ్, నడిమి సరుకు ఎవరో కాజేశార్రా. తిరిగిచ్చేసి రా!" అనిరి. ఇది పాఠాంతరము కాదు, క్షేత్రభేదము. అచ్చట కోసినది అమ్ముకొందురు. పంటతోపాటు భాస్వరమును బండియెక్కి పోవును. ఇచ్చట కోసినది కోసినచోటనే వదలుదురు. అమ్ముదమన్న కొనువాడు లేడు.

కాలనిర్ణయము: సూత్రమున కాలము లేదు, అధ్యాహారము చేసికొనవలెను. వసంతమున గదా పచ్చిక కన్ను తెరచును, అప్పుడే పెట్టుట న్యాయమని పూర్వపక్షము. కాదు. వసంతమున మెండుగ పెట్టినది ఆకునకు పోవును. ఫలము, వారమునకు రెండుమార్లు కోతమిషను త్రోయుట. కెంటకీ బ్లూగ్రాస్ శీతలప్రియ (పేరు కెంటకీదే గాని పుట్టుక ఐరోపాది, నీలమును గాదు). శరత్తున ఎండలు తగ్గినంతట ఆకు ఎదుగుదల మందగించును, నేల మాత్రము ఇంకను వెచ్చగనే యుండును. అప్పుడు తిన్నది వేళ్లకును మొదళ్లకును చేరి నిలువయగును. మాసముల తరబడి మంచుక్రింద పడియుండి, ఏప్రిలున ఆ నిలువతోనే లేచును. దీనినే ఆవకాయజాడీ న్యాయమందురు. లేదా, ఇకమీదట అనవచ్చును.

నవంబరులోను పెట్టవచ్చునని పూర్వులు. అప్పటికి వేళ్లు సరిగా తినలేవు, మిగిలినది నీటిపాలని నవీనులు. మేము నవీనుల పక్షము. అక్టోబరు సగమగుసరికి ఎరువు చల్లు స్ప్రెడరును కడిగి గరాజున పెట్టవలెను.

ప్రయోగము: వేయి చదరపు అడుగులకు ఒక పౌను నత్రజని, అనగా ఈ సంచినుండి మూడు పౌన్లకు కొంచెము పైమాట. సగము నిలువునను, సగము అడ్డముగను, పడుగుపేకలవలె చల్లవలెను. మన గృహస్థుడు టీవీలో మ్యాచి మొదలగునని నిలువుపడుగుతోనే సరిపెట్టెను. పక్షము తిరుగకమునుపే పచ్చిక చారలదుప్పటియైనది. ఇందు అలంకారము రూపకమని కొందరు. ఎదురింటివారి కిటికీనుండి చూచినచో స్వభావోక్తియే.

తాత్పర్యము: సంచిని తిరిగి ఇయ్యనక్కరలేదు. కాలిబాటమీద పడిన గుళికలను మాత్రము వెంటనే ఊడ్చవలెను. చట్టమున అదియును గలదు. ప్రస్తుతము ఊడ్చుచున్నవారు తండ్రిగారు. ఊడ్చినదానిని దోసిటబట్టి, చారలకును చారలకును నడుమ, పాలిపోయినచోట్ల చల్లుచున్నారు.