నేను స్లిట్ ల్యాంప్‌ని

కంటాసుపత్రి ఓపీలో చీకటి గది నా కాపురం. స్వీడన్ కంటి వైద్యుడు ఆల్వార్ గుల్‌స్ట్రాండ్ 1911లో నన్ను లోకానికి చూపించాడు. కంటిలో కాంతి ఎలా వంగుతుందో తేల్చినందుకు అదే ఏడాది ఆయనకు నోబెల్ వచ్చింది. తర్వాతివాళ్లు ఆ దీపానికి మైక్రోస్కోపు జతచేశాక నాకీ రూపం వచ్చింది.

కొత్తగా ఎం.ఎస్. పీజీలో చేరిన పిల్లలు నా ముందు కూర్చోగానే వెలుగు మొత్తం పెంచేస్తారు. రోగికి నీళ్లు కారతాయి, వాళ్లకేమో కన్నంతా చదునుగా కనిపిస్తుంది. వాళ్లకు నేర్పే మేడమ్ వచ్చి వెలుగును సన్నటి గీత చేసి, పక్కవాటుగా వేస్తుంది. అప్పుడు అర మిల్లీమీటరు పైచిలుకు కార్నియా మందం, దాని వెనక నీటి గది, ఆ వెనక లెన్సు వరసగా తేలతాయి. కిటికీ సందులోంచి పడే ఎండలో దుమ్ములా ఆ నీటిలో కణాలు కదిలితే, కంటి లోపల వాపు ఉన్నట్టే. శుక్లం లెన్సు నడుమ ఉందా, వెనక పొరకు పట్టిందా, ఎంత ముదిరిందన్నదీ ఆ గీతలోనే తెలుస్తుంది.

వరి కోతలప్పుడు ఆకు కోసుకున్న కళ్లు వస్తాయి. మొన్న ఒక పెద్దమ్మ వచ్చింది.

"గదువ ఇక్కడ పెట్టమ్మా, నొసలు పట్టీకి ఆనించు. కంట్లో ఏమేసినవ్?"

"ఏమెయ్యలే బిడ్డా, మందుల షాపుల ఇచ్చిన సుక్కలే."

పీజీ అమ్మాయి గీతను కార్నియా మీదికి జరిపింది. బూడిదరంగు పుండు, తీగలు సాగిన అంచులు, పక్కన చిన్న మచ్చలు. బూజు పట్టిన పుండు అది. షాపువాడిచ్చినవి స్టెరాయిడ్ చుక్కలు. ఎరుపు తగ్గించి, బూజును పెంచాయి. వెంటనే వాటిని ఆపించి, పుండు గీకి పరీక్షకు పంపి, గంటకోసారి నాటమైసిన్ వెయ్యమన్నారు.

శుక్లం తీసే ఆపరేషన్ థియేటర్‌లో పెత్తనం నాది కాదు, అక్కడి మైక్రోస్కోపుది. మర్నాడు కట్టు విప్పాక మాత్రం అందరూ నా ముందుకే రావాలి. ఫ్లోరిసిన్ రంగు అద్ది నీలికాంతి వేస్తే, కోతలోంచి నీరు కారుతోందేమో పచ్చటి చారగా బయటపడుతుంది. కొన్నాళ్లకు అమర్చిన లెన్సు వెనక సంచి మసకబారితే, యాగ్ లేజర్‌ను నాలాంటి యంత్రానికి బిగించే దాన్ని చీలుస్తారు.

ఇప్పుడా పీజీ అమ్మాయి కూర్చోగానే ముందు వెలుగు తగ్గిస్తోంది. రోగులు కన్ను మూసుకోవడం లేదు, ఆమెకు పొరలు దొరుకుతున్నాయి. నా బల్బుకూ నాలుగు రోజులు ఆయుష్షు పెరిగింది.