చైనా గార్బో అట!

మార్చి 8 వచ్చింది, చైనా మూకీల నటి రువాన్ లింగ్‌యూ మళ్లీ చచ్చిపోయింది. మహిళా దినోత్సవ శుభాకాంక్షల మధ్య ఆవిడ ఫోటో, కింద 'చైనా గార్బో విషాదాంతం', వెనక వయొలిన్ ఏడుపు. ఈ ఆన్‌లైన్ తద్దినానికి ఇప్పుడు మన తెలుగు యూట్యూబు పురోహితులూ తయారయ్యారు.

అసలు ఈ హాలీవుడ్ గార్బో ఎక్కణ్నుంచి ఊడిపడింది? ఆసియా నటికి ఎవరో ఒక తెల్లదొరసాని పేరు తగిలిస్తే తప్ప ఆమెకు నటన వచ్చని మనకు నమ్మకం కుదరదు కాబోలు. గార్బోను 'స్వీడన్ రువాన్' అన్నవాణ్ని ఒక్కణ్ని చూపించండి.

పోనీ, పోల్చే చూద్దాం. గార్బో 1941లో, ముప్పై ఆరేళ్లకు, సినిమాలకు దణ్ణం పెట్టేసి 1990 దాకా దర్జాగా తలుపేసుకుని బతికింది. రువాన్‌కు తలుపేసుకునే వీలు ఎవరిచ్చారు? ఇరవై నాలుగేళ్లకే వెళ్లిపోయింది. 1930లో గార్బో టాకీలో నోరు విప్పితే, ఆవిడ మాట్లాడుతోందోచ్ అని కంపెనీ ఊరంతా చాటింపు వేసుకుంది. రువాన్ చివరిదాకా మూకీల్లోనే ఉండిపోయింది.

ఎంత వెతికినా నాకు దొరికిన పోలిక సన్నటి కనుబొమలు. వాటిని బట్టే బిరుదులిచ్చేట్టయితే మా వీధి బ్యూటీ పార్లరులో అరడజను గార్బోలున్నారు.

ఇక రువాన్ శవయాత్ర ఎన్ని మైళ్లు సాగిందన్నది ఈ పురోహితులకు ఇంకో వేలంపాట.

ఆమెను ఎవరు ఏం చేశారో మాత్రం చెప్పరు. తల్లి పనిమనిషిగా ఉన్న ఇంటి కొడుకు జాంగ్ దామిన్‌తో పదహారేళ్లకే కాపురం. ఆమె సంపాదన వాడి జూదానికి. విడిపోయాక వాడే కోర్టుకెక్కాడు. 1935లో ఆమె నటించిన 'న్యూ విమెన్' సినిమా వచ్చింది. ఆత్మహత్య చేసుకున్న ఐ షియా అనే నటి జీవితమే దానికి ఆధారం. అందులో విలేకరులను నీచంగా చూపించారని షాంఘై పత్రికలవాళ్లు రగిలిపోయి, సినిమా మీద కసి నటి మీద తీర్చుకున్నారు. జాంగ్ వేసిన కేసు వాళ్లకు రోజూ విందు భోజనం. పాపం మాకేం బలముందని ఆ పత్రికలు నంగనాచి మాటలాడితే రచయిత లూ షున్ వ్యాసం రాసి మరీ ఉతికాడు: బలవంతుల ముందు లేని బలం బలహీనుల మీద బోలెడుందని.

మీరు ఫోటో కింద అచ్చేస్తున్నారే, లోకుల మాటలకు భయపడి పోతున్నానన్న చివరి ఉత్తరం, దాన్ని పత్రికలకు అందించింది ఆమెతో ఉంటున్న టీ వ్యాపారి తాంగ్ జిషాన్. అతను కొట్టాడని చెప్పే వేరే ఉత్తరాలు ఆ ఏడాదే ఒక చిన్న పత్రికలో వచ్చాయి. ఏవి ఆమె రాసినవో నేటికీ తేలలేదు. కానీ కొట్టిన చెయ్యి కంటే పేరూ ఊరూ లేని 'లోకులు' మీకు అనుకూలం. లోకులు పరువునష్టం దావా వెయ్యరుగా!

1934లో వు యోంగ్‌గాంగ్ తీసిన 'ది గాడెస్' నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. కొడుకు చదువు కోసం రాత్రుళ్లు వీధిలో నిలబడే తల్లి అందులో రువాన్. బడి వేడుకలో వాడు పాడుతుంటే మురిసిపోతూ చూస్తుంది. చుట్టూ తల్లులు చెవులు కొరుక్కుంటుంటారు. ఆ ముఖాన్ని ఒక్కసారి చూడండి. చావు గురించి మాట్లాడే ముందు పని గురించి తెలుసుకోండి.