చిటికె రొయ్యకు టీకాతాత్పర్యములు

మూలము: చిటికె రొయ్య చిటికె వేయును. చిటికెకు బుడగ కారణము. బుడగలో నేమియు లేదు.

అవతారిక: ఈ మూడు వాక్యములను నేనే కూర్చుకొంటిని. పరుల గ్రంథమును పట్టి వ్యాఖ్య వ్రాయుట శిష్టాచారమే. అయినను సొంత మూలమునకు సొంత వ్యాఖ్య వ్రాసికొన్నచో కవిహృదయ మిది కాదని వాదమునకు వచ్చువారుండరు. ఈ రచనకు ప్రేరకులు మన సాహిత్యసభలలో అధ్యక్షస్థానము నలంకరించు మహనీయులు. రెండు మాటలు చెప్పి కూర్చుందునని లేచి, ముప్పావుగంటసేపు మైకును విడువక, బస్సు దిగి వచ్చిన వృద్ధపండితునకు చివరి పది నిమిషములను భిక్షగా నొసంగు ఆచారము నానాటికి వర్ధిల్లుచున్నది. దానిని సూటిగా నిందించుట అమర్యాద యగుటచే రొయ్య నాశ్రయించితిని.

ప్రతిపదార్థము: సులభము. రొయ్య యన నెట్టిదో గోదావరి మండలములవారికి చెప్ప నక్కరలేదు. తక్కినవారు విస్తరిలో వడ్డించినప్పుడు గ్రహింతురు.

టీక: ఇచ్చట వర్ణ్యవస్తువు ఆల్ఫియస్ హెటెరోకీలిస్ అను జాతి. దీనిని 1818లో థామస్ సే అను అమెరికా ప్రకృతిశాస్త్రజ్ఞుడు లోకమునకు పరిచయము చేసెను. అట్లాంటిక్ మహాసముద్రపు పశ్చిమతీరమున ఆల్చిప్పల గుట్టలలోను, బురదనేలలలోను జంటలు జంటలుగా కాపురముండు నీ జీవి పొడవు ఇంచుమించు 5 సెంటీమీటర్లు. మేను ముదురాకుపచ్చ, ప్రక్కల నించుక ఊదాఛాయ, తోకరెక్కల కొనలయందు నీలము. ముందరి చేతులు రెండింటిలో నొకటి చిన్నది, సామాన్యమైనది. రెండవది దేహములో సగము పొడవునకు పెరిగి, మోయుచున్న ప్రాణికే బరువు కాదా యను శంకను పుట్టించును. ఆ పెద్దచేతి పైవ్రేలియందొక ఉబ్బును, క్రిందివ్రేలియందు దానికి సరిపడు గుంటయు కలవు. వ్రేళ్లను విప్పి, కండరములను బిగబట్టి, ఒక్కసారిగా విడిచినచో ఉబ్బు గుంటలోనికి దిగి, అందలి నీటిని సన్నని ధారగా వెలికి చిమ్మును.

ఇచ్చట పూర్వపక్షము: వ్రేలు వ్రేలిని తాకుటచే చప్పుడు పుట్టుచున్నదని చిరకాలము లోకము నమ్మెను. సిద్ధాంతము: కాదు. 2000లో మిషెల్ వెర్స్‌లూయీస్, బార్బరా ష్మిట్జ్, డెట్లెఫ్ లోజె మున్నగువారు సెకనుకు 40,000కు పైగా చిత్రములు తీయు కెమెరాతో చూచి, నీటిలోపలి చప్పుడును గ్రహించు పరికరముతో విని, తేల్చినదిది: ఆ ధార వేగము సెకనుకు 25 మీటర్ల వరకు పోవును, వేగము హెచ్చినచోట పీడనము తగ్గును, తగ్గినచోట నీటిలోని సూక్ష్మవాయుకణ ముబ్బి బుడగ యగును, పిమ్మట సముద్రము నలుదిక్కులనుండి నొక్కగా బుడగ కూలును, ఆ కూలుటయే ధ్వని. కావున చేతికి కీర్తి, శూన్యమునకు కర్తృత్వము. బుడగలో నేమియు లేదనుట మూలకారుని అతిశయోక్తి. కొంత ఆవిరి కలదు. అధ్యక్షోపన్యాసములందును అంతమాత్రము కలదని నేనొప్పుకొందును.

మరియు 2001లో ఆ పరిశోధకులే కనుగొన్నట్లు, బుడగ కూలు క్షణమున కంటి కానని వెలుగొకటి పుట్టును. లోపలి ఉష్ణోగ్రత 5,000 కెల్విన్లకు తగ్గదు. ధ్వనియు ఆలోకమును ఒక్కచో దొరకిన ఈ యుదాహరణము ధ్వన్యాలోకకర్తయగు ఆనందవర్ధనునకు తెలియకపోవుట అలంకారశాస్త్రమునకు లోటు.

విశేషము: మూలములో లేనిదానిని వ్రాయనని మెదకుసీమవాడగు వ్యాఖ్యాత కోలాచల మల్లినాథసూరి ప్రతిన పట్టెను. నాకట్టి ప్రతిన లేదు. కావున హిందూమహాసముద్రమునను, పశ్చిమ పసిఫిక్కునను నివసించు ఆల్ఫియస్ బెల్యులస్‌ను గూర్చి వ్రాయక మానజాలను. దీని మేను లేతపసుపు కలిసిన మీగడచాయ, దానిపై గోధుమ, ఊదా వన్నెల వంకరటింకర చారలు, కాళ్లకు పట్టెలు. చూపు మందము. అయినను ఇసుకలో బొరియను త్రవ్వి, కూలిన గోడను నిలిపి, లోన పడిన ఇసుకను ముందరి చేతులతో నెట్టుకొని వచ్చి వాకిట పోసి, మరల లోనికి పోవుచు పగలెల్ల శ్రమించును. ఆ వాకిటనే గోబీ యను చిన్నచేప కాపుండును. రొయ్య వెలికి వచ్చినంతసేపును తన మీసము నొకదానిని చేప మేనికి ఆనించి యుంచును. శత్రువు పొడసూపగానే చేప తోక నించుక కదల్చును. రొయ్య లోనికి దూరును. ముప్పు మిక్కుటమైనచో చేపయు దానివెంట దూరును. రాత్రి యిరువురు నొకే బొరియలో శయనింతురు. ఇల్లు కట్టువాడొకడు, కన్నులున్నవాడొకడు. వీరి నడుమ నొప్పందపత్రము లేదు, వార్షికోత్సవము లేదు, పరస్పర సన్మానము లేదు. ఇంత చిటికె వేయగల ప్రాణి ఒక తోక కదలికకై మౌనముగా కనిపెట్టుకొని యుండుట నాకు మిక్కిలి రుచించినది. పాఠకు డనుమతించినచో ఇంకను రెండు పుటలు వ్రాసెడివాడను. మన సభలలో కుర్చీలు వేసి, మంచినీళ్లు మోసి, దీపములార్పి తుదకు తాళము వేయు కుఱ్ఱవాని పేరు వందనసమర్పణములో తప్పిపోవుట ఇచ్చట ప్రసంగవశమున జ్ఞప్తికి వచ్చెను.

ప్రకృత మనుసరింతము. రెండవ ప్రపంచయుద్ధకాలమున శత్రువుల జలాంతర్గాముల సవ్వడి వినగోరి చెవియొగ్గిన అమెరికావారికి కాలిఫోర్నియా తీరమున ఎడతెగని చిటపటలు అడ్డువచ్చెను. ఆ రొదకు రొయ్యలే కారణమని పరిశీలించి, మార్టిన్ జాన్సన్ మున్నగువారు 1947లో ప్రకటించిరి. వినవలసిన సవ్వడి యొకటి ఉండగా దానిని మ్రింగివేయుటకు శత్రుత్వము అక్కరలేదు, సంఖ్య చాలును. ఒక సభలో అధ్యక్షుడు, ఉపాధ్యక్షుడు, ముఖ్యాతిథి, విశిష్టాతిథి, ఆత్మీయాతిథి ముగించుసరికి జనము లేచిపోవ మొదలిడిరి. పండితుడు వ్రాసి తెచ్చిన కాగితములు మడత విప్పకయే సంచిలోనికి పోయినవి. ఆ కాగితములలో నేమున్నదో వినుటకే మేము పోతిమి. ఇది పరిహాసము కాదు.

మరియొక విశేషము: పెద్దచేయి తెగిపోయినచో రొయ్య మూగపోదు. రెండవవైపు చిన్నచేయి పెరిగి పెద్దదగును. తెగినచోట చిన్నది మొలచును. అధ్యక్షుడు రాలేకపోయిన సభలలో కార్యదర్శిని పరికించినవారికి ఇది బోధపడును.

తాత్పర్యము: రొయ్య తనవారిని హెచ్చరించునపుడు హాని కలుగనంత దూరమున నిలిచి చిటికె వేయును, ఆహారమునకైనచో దగ్గరకు పోయి వేయును. ఎవరి యెదుట ఎంత చప్పుడు తగునో దానికి తెలియును. బుడగ పుట్టి, పెరిగి, కూలుట రెప్పపాటు లోపలనే ముగియును. రొయ్య కన్నులపై పారదర్శకమైన కవచమొకటి కలదు. అది చిటికె అలల తాకిడినుండి మెదడును కాపాడునని 2022లో తేలినది. అధ్యక్షులకును స్వీయోపన్యాసమునుండి రక్షణ మేదో కలదని తోచును. శ్రోతలకు లేదు.

ఫలశ్రుతి: ఈ వ్యాఖ్యానమును సభలో పఠింపదలచినవారు అధ్యక్షులవారి అనుమతి కోరవలెను. సమయము లేదందురు.