బయానాతోపాటే బెయిలు

స్థలం అమ్మదలచినవారికి ఒక ఉచిత సలహా. ఈసీ, లింకు డాక్యుమెంట్లు, పాస్‌బుక్కు పెట్టుకున్న ఫైల్లోనే ముందస్తు బెయిలు పిటిషన్ కూడా ఒకటి తేదీ వెయ్యకుండా టైపు చేయించి ఉంచుకోండి. శుక్రవారం సాయంత్రం స్టేషన్ నుంచి ‘ఒకసారి వచ్చిపో’ అని ఫోనొచ్చాక వకీలును వెతుక్కుంటే ఆ ఫీజు వేరుగా ఉంటుంది.

కథ ఎక్కడైనా ఒకటే. ఎకరం కోటికి బేరం, పది లక్షలు బయానా, వంద రూపాయల స్టాంపు పేపరు మీద అగ్రిమెంటు, మూడు నెలల గడువు. రెండో నెలలో అటువైపు పెద్ద రోడ్డేదో పడుతుందని పుకారు లేస్తుంది. అమ్మినాయనకు తాతలనాటి మట్టి మీద ఉన్నట్టుండి మమకారం పుట్టుకొస్తుంది. రోడ్డు రాదని తేలిందా, కొన్నాయనకు లింకు డాక్యుమెంట్లలో లోపాలు కనపడతాయి.

న్యాయంగా అయితే సివిల్ కోర్టుకు పోవాలి. రిజిస్ట్రేషన్ చేయించమని దావా వెయ్యడానికి చట్టం మూడేళ్లు గడువిచ్చింది. తీర్పు చెప్పడానికి మాత్రం ఏ గడువూ పెట్టలేదు. పైగా కోటి రూపాయల బేరమైతే ఆ కోటి మీదే లెక్కగట్టి కోర్టు ఫీజు వసూలు చేస్తారు. స్టేషన్‌లో ఫిర్యాదుకు తెల్లకాగితం చాలు.

మాట తప్పితే చీటింగ్ అయిపోదు, మొదట్నుంచీ మోసం చేసే ఉద్దేశం ఉండాలని సుప్రీంకోర్టు చెప్పీ చెప్పీ అలసిపోయింది. ఆ సంగతి స్టేషన్ రైటరుకు తెలియక కాదు. అందుకే ‘అగ్రిమెంటు నాటికే ఎగ్గొట్టే దురుద్దేశంతో’ అన్న వాక్యం ఆయనకు కంఠతా. ఏ-1 అమ్మినాయన. ఏ-2 ఆయన భార్య. బయానా రోజున అందరికీ కాఫీలిచ్చిన పాపానికి. ఏ-3 పక్కింటి కుర్రాడు. సాక్షి సంతకానికి మనిషి తక్కువైతే పిలుచుకొచ్చారు. రెండువైపులా కమీషన్ తీసుకున్న బ్రోకరు మాత్రం ప్రాసిక్యూషన్ సాక్షి.

2024 జులై 1 నుంచి కొత్త చట్టాలొచ్చి 420 కాస్తా 318(4) అయింది. జనం నోట మాత్రం ఇంకా ఫోర్‌ట్వంటీయే. కేసు కొట్టెయ్యమని ఒకప్పుడు ఏ 482 కింద హైకోర్టుకు వెళ్లేవాళ్లో, ఇప్పుడదే నెంబరు కింద ముందస్తు బెయిలు అడుక్కోవాలి. నెంబరు ఎక్కడికీ పోలేదు, ఆశ ఒక మెట్టు దిగింది.

పలుకుబడి ఉన్నవాళ్లు ప్రత్యర్థుల మీద తప్పుడు కేసులు బనాయించి లోపలేయిస్తున్నారు గనక ఇలాంటి రక్షణ కావాలని 1969లో లా కమిషన్ సిఫారసు చేసింది. ఆ పెద్దలు రాజకీయ కక్షల గురించి ఆలోచించారు గానీ, గజం రేటు గురించి ఆలోచించలేదు. ఢిల్లీలో ఒక స్థల యజమాని, బిల్డరు తగాదాలో ముందస్తు బెయిలుకు 22 లక్షలు డిపాజిట్ చెయ్యమన్న హైకోర్టు షరతును 2023లో సుప్రీంకోర్టు కొట్టేసింది. బెయిలు కోర్టు బాకీల వసూలు కేంద్రం కాదంది. సివిల్ తగాదాలను క్రిమినల్ కేసులుగా మారుస్తున్నారని 2025 ఏప్రిల్‌లో అప్పటి ప్రధాన న్యాయమూర్తి సంజీవ్ ఖన్నా యూపీ పోలీసుల మీద మండిపడ్డారు. మన రెండు రాష్ట్రాల ఎస్సైలు ఆ వార్త చదివి ‘పాపం యూపీ’ అనుకుని ఉంటారు.

సరే, బెయిలొచ్చింది. పాతిక వేల బాండు, ఇద్దరు జామీనుదారులు, ఆదివారం ఆదివారం స్టేషన్‌లో సంతకం. జామీనుదారులు పాస్‌బుక్కో, ఇంటిపన్ను రసీదో చూపించాలి. అంటే భూమి కాగితాల వల్ల వచ్చిన కేసులోంచి బయటపడాలన్నా భూమి కాగితాలే కావాలి. అక్కడితో అయిపోతుందా? ‘ఇంటి మీదికొచ్చి బూతులు తిట్టాడు, చంపుతానన్నాడు’ అని అమ్మినాయన కౌంటరు కేసు పెడతాడు. పది లక్షలు పోగొట్టుకున్న కొన్నాయన కూడా ముందస్తు బెయిలు తెచ్చుకుంటాడు, వీలైతే అదే వకీలు గారి జూనియర్ దగ్గర.

ఆ తర్వాతి ఆదివారం ఇద్దరూ ఒకే బెంచీ మీద కూర్చుని రైటరు కోసం ఎదురుచూస్తుంటారు. పక్కనే సాక్షిగా వచ్చిన బ్రోకరు గొంతు తగ్గించి చెబుతాడు: “అన్నా, ఈ స్టేషన్ వెనక రెండొందల గజాల బిట్టుంది. తూర్పు ఫేసింగు. టైటిల్ క్లియరు.”