ఇందుమతి గొంతు

నేను దేవరకొండలో ఆడిన ఒక టూరింగ్ టాకీసు ప్రొజెక్టర్‌ను. ఖిలా గుట్ట కింద, ఆముదాలు కోసిన చెలకలో మా డేరా. చీకటి పడగానే డీజిల్ ఇంజను మొదలయ్యేది. ఆపరేటర్ నా దీపం పెట్టెలో రెండు కార్బన్ కడ్డీల మొనలు తాకించి, వెంటనే కొంచెం ఎడం చేసేవాడు. ఆ సందులోంచి వెలుగు భగ్గుమనేది. సెకనుకు 24 బొమ్మలు నా గేటులో ఆగి ఆగి దిగేవి.

ఎందరో తారలు నా వెలుగులో మెరిశారు. ఏలూరు నుంచి వచ్చిన కె.మాలతిని మాత్రం మరిచిపోలేను.

‘పాతాళభైరవి’ మా ఊరికి వచ్చిన రోజు తండాల నుంచి బండ్లు కట్టుకొని వచ్చారు. 1951లో కె.వి.రెడ్డి తీసిన సినిమా. తోటరాముడుగా రామారావు, మాంత్రికుడుగా రంగారావు, రాకుమారి ఇందుమతిగా మాలతి. వెన్నెల్లో ఆమె తలెత్తగానే నేలటికెట్టు జనమంతా సద్దుమణిగారు. రీలు మార్చే విరామంలో ఓ ముసలవ్వ అంది: “బిడ్డా, ఆ రాజుబిడ్డ ఎంత మంచిగ పాడుతున్నదిరా!”

“పాట గాయని పి.లీలమ్మది అవ్వా, ఈమె పెదవులు కదిలిస్తది అంతే” అన్నాడు ఆపరేటర్.

కొన్నేళ్లకు ‘సుమంగళి’ పాత ప్రింటు వచ్చింది. కందుకూరి వీరేశలింగం గారి సంస్కరణ స్ఫూర్తితో బి.ఎన్.రెడ్డి 1940లో తీసిన చిత్రం. అందులో బావ కోసం ఎదురుచూసే మరదలుగా మాలతి పాడుతుంటే ఆపరేటర్ చెయ్యి కడ్డీలు జరిపే పిడి మీదే నిలిచిపోయింది. “అరె, ఇది ఆమె సొంత గొంతే!” అన్నాడు.

ఫిల్ము మీద ఏ బొమ్మకూ దాని మాట పక్కనే ఉండదు. 20 ఫ్రేముల ముందు, అంచున సన్నని గీతగా ఉంటుంది. గేటు దగ్గర బొమ్మను చూపిస్తూనే, కింద ఆ గీతను చదివి రెండింటినీ కలపడమే నా పని. ‘సుమంగళి’లో ఒకే మనిషి ముఖాన్నీ గొంతునూ కలిపాను. ‘పాతాళభైరవి’లో ఆ ముఖానికి వేరొకరి గొంతు కలిపాను. లీలమ్మ పాట అమృతమే. అయినా పాడగలిగిన మనిషి మౌనంగా పెదవులు కదపడం చూస్తే నాలో ఏదో కలుక్కుమనేది.

‘గుణసుందరి కథ’లో తండ్రిని పొగిడి మెప్పించే అక్కగా, 1954లో ‘కాళహస్తి మహాత్మ్యం’లో రాజ్‌కుమార్ సరసన కూడా ఆమెను చూపించాను. ఆ తర్వాత ఆమె కొత్త బొమ్మ ఏదీ నా గేటుకు రాలేదు.

ఇప్పుడు ఓ మూలగదిలో ఉన్నాను. కార్బన్ కడ్డీలు లేవు, వెలుగూ లేదు. టీవీలో ఇందుమతి కనిపించినప్పుడు మీరొక పని చేయండి. ‘సుమంగళి’ వెతికి ఆమె పాట వినండి. ఈ ముసలి యంత్రం ఇక కలపలేని ఆ రెండింటినీ మీరే కలపండి.